ఎర్ర దీపం మీద నల్ల టేపు

కెమెరా పట్టినవాళ్ళలో మసకబొమ్మలు తీసినవాళ్ళున్నారు. మనిషి తల ఫ్రేములో పట్టక మొండెం వరకే తీసినవాళ్ళున్నారు. లెన్సు మూత తీయకుండా సూర్యాస్తమయం తీసిన మహానుభావుణ్ణి కూడా నేను ఎరుగుదును. వాళ్ళందరికీ నా నమస్కారం. నేను మాత్రం ఒక పూటంతా తీయవలసినదాన్ని వదిలిపెట్టి, తీయకూడనిదంతా శ్రద్ధగా తీసి, ఆపైన జనగామలో ఫంక్షన్ హాలు మాట్లాడి బంధువులను పిలిచి మరీ చూపించాను. అది ఎట్లా జరిగిందో చెబుతాను. నవ్వు వస్తే నవ్వండి. నేను నవ్వను. మా ఇంట్లో ఆ అలవాటు లేదు.

మా ఇంటి గురించి ముందు ఒక మాట. జనగామ దగ్గర ఒక ఊళ్ళో మాది దొరల కుటుంబం. మా తాతకు భూములు మిగిలాయి, మా నాయినకు ఆ భూముల కథలు మిగిలాయి, నాకు నిటారు నడుము మిగిలింది. ఏనుగు చచ్చినా వెయ్యే అంటారు. మా ఏనుగు చచ్చి చాలా కాలమైంది. ఆ వెయ్యి ఎవరి దగ్గరుందో ఇప్పటికీ తెలియదు. అయినా నేను నడుము వంచేవాణ్ణి కాదు. బస్సులో సీటు ఖాళీగా ఉన్నా ఎవరైనా కూర్చోమని అనేదాకా నిలబడేవాణ్ణి. బస్సులో ఎవరూ ఎవరినీ కూర్చోమనరు. జనగామ నుంచి హైదరాబాదుకు చాలాసార్లు నిలబడే వెళ్ళాను.

ఇట్లాంటి మనిషి సినిమాటోగ్రాఫర్ ఎట్లా అయ్యాడని మీరు అడగవచ్చు. ఇట్లాంటి మనిషి ఇంకేమవుతాడని నేను అడుగుతాను. మబ్బు పట్టిందని చెప్పి వందమందిని ఎండలో... కాదు, నీడలో కూర్చోబెట్టగలిగే ఉద్యోగం లోకంలో ఇదొక్కటే. భూపాలపల్లి బొగ్గుగనుల దగ్గర ఒక సినిమా తీశాం. ఆ సినిమా విడుదల కాలేదు గాని, అది తీసినన్నాళ్ళు నేను మా తాతలాగే బతికాను. కెమెరా వెనుక కుర్చీలో కూర్చుని వేలు ఎత్తితే అసిస్టెంటు బటన్ నొక్కేవాడు. వేలు దించితే మళ్ళీ నొక్కేవాడు. బటన్ ఎక్కడుందో నాకు తెలుసు, మా పొలాలు ఎక్కడున్నాయో తెలిసినట్టే. ముట్టుకునే పని మాత్రం ఉండేది కాదు. నేను "కదలొద్దు" అంటే డ్యూటీ దిగి ఇంటికి పోయే కార్మికులు కూడా టిఫిన్ డబ్బాలతో రోడ్డు మీదే ఆగిపోయేవాళ్ళు.

ఆ సినిమాలోని కొన్ని దృశ్యాలు ఎక్కడో చూసి సుజాత ఫోన్ చేసింది. ఆమెది బయ్యారం దగ్గర లంబాడా తండా. పెళ్ళయి మహబూబాబాద్‌లో ఉంటూ బడిలో పాఠాలు చెబుతుంది.

"అన్నా, మా తండ తీజ్ పండుగ మీద డాక్యుమెంటరీ చేస్తున్న. మీరే తియ్యాలె."

"యూనిట్ల ఎంతమంది?"

"మీరు, నేను."

"అసిస్టెంట్లు?"

"చెప్పిన గదన్నా. మీరు, నేను."

"లైట్లు?"

"ఎండ ఉంటది."

ఇంత మర్యాదగా పిలిచినప్పుడు కాదనలేకపోయాను. కాదంటే చేతిలో వేరే పని కూడా లేదు, అది వేరే సంగతి. బయలుదేరుతుంటే మా మేనత్త అడ్డం వచ్చింది. మా ఇంటి గౌరవానికి మిగిలిన ఏకైక కాపలా ఆమే.

"ఏడికి?"

"బయ్యారం దిక్కు అత్తమ్మా. తండాకు."

"మీ తాత తండాకు పోతె ఊరిబయటికి ఎదురొచ్చి తీస్కపోయేటోళ్ళు."

"నన్ను గూడ బస్టాండుకొచ్చి తీస్కపోతరట."

"దేని మీద?"

"స్కూటీ మీద."

అత్తమ్మ నా చొక్కా కాలరు సరిచేసింది. "ఎనక కూసోకు," అంది. "నువ్వే నడుపు."

నాకు స్కూటీ నడపడం రాదు. వెనుకే కూర్చున్నాను, కాని నిటారుగా.

దారిలో సుజాత పండుగ సంగతి చెప్పింది. శ్రావణంలో పెళ్ళికాని ఆడపిల్లలు చిన్న గంపల్లో మన్ను నింపి గోధుమలు చల్లుతారు. తొమ్మిది రోజులు నీళ్ళు పోసి పెంచి, మొలకలను నీటిలో కలుపుతారు. మొదటి రోజు సాయంత్రం ఒక పరీక్ష ఉంటుంది. నానబెట్టిన శనగలను రేగుకొమ్మ ముళ్ళకు గుచ్చాలి. ఆ పిల్ల గుచ్చుతుంటే వరసకు బావ అయినవాడు కొమ్మను ఊపుతాడు. ముళ్ళు వేళ్ళలో దిగుతాయి. అయినా ఆపకుండా గుచ్చాలి. పిల్ల ఓర్పు ఎంతో అక్కడ తేలుతుంది.

"మా చెల్లె లక్ష్మి పెండ్లి మాఘంల," అంది సుజాత. "పెండ్లయినోళ్ళు తీజ్‌కు కూసోరు. దానికి ఇదే ఆఖరిది. నా ఆఖరి తీజ్‌ది ఒక్క ఫోటో గూడ లేదన్నా. దానిదన్న ఉండాలె. సినిమల ఇంకేమున్నా లేకున్నా మంచిదే. కొమ్మ ఊగుతుంటె దాని మొఖం కావాలె నాకు."

"అయిపోయిందనుకో."

"ఒక్క మాట. ఎవ్వర్ని ఆపకుండ్రి, ఎవ్వర్కి ఏం చెప్పకుండ్రి. అయ్యేది అయితది. మీరు తియ్యుండ్రి, అంతే."

"సుజాతా, భూపాలపల్లిల నేను బొగ్గు లారీలనే ఆపినోణ్ణి."

"అందుకే చెప్తున్న," అంది సుజాత.

తండాకు చేరాక నేను చేసిన రెండు పనులు చెప్పాలి. కెమెరా తిరుగుతున్నప్పుడు దాని ముఖం మీద చిన్న ఎర్ర దీపం వెలుగుతుంది. అది చూస్తే మామూలు జనం బిగుసుకుపోతారు. అందుకని దాని మీద నల్ల టేపు అంటించాను. ఇది తెలివైన పనే, పెద్దపెద్దవాళ్ళు కూడా చేస్తారు. రెండో పని ఎవరూ చేయరు. కెమెరాలోంచి చూస్తే బొమ్మ అంచుల్లో అంకెలు, అక్షరాలు, తిరుగుతోందని చెప్పే ఎర్ర చుక్క కనబడతాయి. నా ఫ్రేములో నాకు చెప్పకుండా ఇన్ని రాతలేమిటని అన్నిటినీ తీసేశాను. ఇక కెమెరా తిరుగుతోందో లేదో తెలిసేది కెమెరాకు, భగవంతుడికి మాత్రమే. బటన్ ఒకటే. ఒకసారి నొక్కితే మొదలు, ఇంకోసారి నొక్కితే ఆగుతుంది. అది ఎడమచేతితోనైనా చేయగల పని. నేను కుడిచేత్తో చేసీ చెడగొట్టాను.

సుజాత అమ్మమ్మ దేవ్లి అవ్వ ఇంటి ముందు కూర్చుని, కెమెరా పనిచేస్తోందో లేదో చూద్దామని బటన్ నొక్కాను. అదే సమయానికి అవ్వ గ్లాసుతో నీళ్ళు తెచ్చింది. పెద్దవాళ్ళు ఇస్తుంటే కూర్చుని అందుకోవడం మర్యాద కాదని లేచి నిలబడ్డాను.

"ఏ ఊరు బిడ్డ?"

"జనగామ దిక్కు అవ్వా. దొరలోళ్ళం."

"మా దిక్కు గూడ ఉండిరి దొరలు."

"ఇప్పుడు?"

"లేరు. నీళ్ళు తాగు."

తాగాను. ఆ జవాబును నీళ్ళతో మింగే శ్రమలో బటన్ మళ్ళీ నొక్కడం మరిచిపోయాను. కెమెరా తిరుగుతూనే ఉంది. కాబట్టి ఇక మీదట నేను మొదలనుకున్నదల్లా ఆగడం, ఆగిందనుకున్నదల్లా మొదలు. ఈ సంగతి పాఠకులకు ఇప్పుడే తెలిసిపోయింది. నాకు మర్నాడు తెలిసింది.

పిల్లలు గంపలు నెత్తిన పెట్టుకుని పాడుతూ వచ్చారు. బటన్ నొక్కాను. బయ్యారం ఎర్రమట్టి, వాలుతున్న ఎండ, అద్దాల రవికెలు. అంత మంచి ఫ్రేములు నేను భూపాలపల్లిలో కూడా పెట్టలేదు. వాళ్ళు దాటిపోయాక నొక్కి, కెమెరా భుజానికి వేలాడదీసి హుందాగా నడిచాను.

వాకిట్లో రేగుకొమ్మ పట్టుకుని రమేశ్ నిలబడ్డాడు. ఆటో నడుపుతాడు, వరసకు లక్ష్మికి బావ. పెళ్ళికొడుకు ఇతను కాదు, అతనిది వేరే తండా. లక్ష్మి దోసిట్లో శనగలతో వచ్చింది. నేను నొక్కి, లెన్సును కొమ్మ మీదికి సరిచేశాను. లక్ష్మి మొదటి శనగ ఎత్తగానే రమేశ్ కొమ్మను ఊపాడు. నా ఫ్రేములో కొమ్మ, లక్ష్మి, శనగ అన్నీ కలిసి పిండి కలిపినట్టయ్యాయి. మరుక్షణం నా చెయ్యి దానంతటదే పైకి లేచింది.

"ఆగుండ్రి. కొమ్మ కదలొద్దు."

పాట ఆగింది. రమేశ్ కొమ్మను, నన్ను మార్చి మార్చి చూశాడు.

"సారు, నేను వచ్చిందే ఊపనీకె."

"ఊపితె ఫోకస్ పోతది."

"ఊపకపోతె పండుగ పోతది గద సారు."

"ఫోకస్ ఒక్కసారి పోతె మళ్ళ రాదు."

"పండుగ వస్తదా?"

"వచ్చే ఏడు వస్తది," అన్నాను.

ఆ మాట ఎవరి ముందు అంటున్నానో ఆ క్షణంలో నాకు తట్టలేదు. చెవులకు హెడ్‌ఫోన్లు పెట్టుకుని మైకు పట్టుకున్న సుజాత వాటిని తీసి మెడలో వేసుకుంది.

"అన్నా, స్కూటీ మీద నేనేం చెప్పిన?"

"ఒక్క నిమిషం సుజాతా."

నిటారు నడుముకు ఒక శక్తి ఉంది. దాన్ని చూస్తే మనుషులు ఒక్క నిమిషం పాటైనా నమ్ముతారు. రమేశ్ జనగణమనకు నిలబడ్డ కానిస్టేబులులా కొమ్మ పట్టుకుని బిగుసుకున్నాడు. లక్ష్మి చొక్కాకు గుండీలు కుట్టినట్టు తాపీగా శనగలు గుచ్చింది. పక్కనున్న పిల్లలు ఆవులించారు. ఫోకస్ మాత్రం అద్దంలా ఉంది. సంతృప్తిగా బటన్ నొక్కాను. రమేశ్ కష్టపడ్డాడు గనుక అతనికి ఒక మంచిమాట చెప్పాలనిపించింది.

"మా తాత ఇట్లనే. ఆయన చూస్తె పులి గూడ పక్కకు జరిగేదట."

"పులికి వేరే పనుండె కావచ్చు సారు," అన్నాడు రమేశ్.

ఇంతలో దేవ్లి అవ్వ వచ్చి కొమ్మను చూసింది. లక్ష్మి వేళ్ళు పట్టుకుని అటూ ఇటూ తిప్పి చూసింది. వాళ్ళ భాషలో ఏదో అంది. పిల్లల ఆవులింతలు ఆగిపోయాయి.

"ఏమంటుంది?" అని సుజాతను అడిగాను.

"లెక్కకు రాదట."

"ఏది?"

అవ్వ నా కోసం తెలుగులో చెప్పింది. "ముల్లు తాకకుండ గుచ్చుడు వంటింట్ల పని బిడ్డ, పండుగ పని కాదు. రేపు అత్తగారింట్ల దీని కోసం కొమ్మ కదలకుండ ఎవ్వలు పట్టుకుంటరు?"

జవాబు లేనప్పుడు మేము ఆజ్ఞ ఇస్తాం. "సరే. మళ్ళ మొదలు పెడదాం. రమేశ్, ఊపు," అంటూ బటన్ నొక్కాను.

"వాడు గాదు," అంది అవ్వ. "నడుమల ఆపినోడే ఊపాలె."

"నేను కెమెరామన్‌ను అవ్వా."

"కొమ్మను పట్టుమనుడు, ఇడవమనుడు బావల పని. నువ్వు చేసినవు. ఇగ బావవే."

పిల్లలు నోటికి చేతులు అడ్డం పెట్టుకున్నారు. అప్పటిదాకా నోరు విప్పని లక్ష్మి దోసిట్లో కొత్త శనగలు తీసుకుని, "రా బావా, పొద్దు గూకుతుంది," అంది.

మా వంశంలో ఎవరినీ ఎవరూ ఇట్లా పిలవలేదు. మా అత్తమ్మ భర్త కూడా మా ఇంట్లో 'బావా' అనిపించుకోలేదు. ఆయనను 'వారు' అనేవాళ్ళం. సహాయం కోసం సుజాత వైపు చూశాను.

"పోన్రి అన్నా," అంది ఆమె మెల్లగా. "ఇప్పుడు గాకపోతె దానికి ఈ ఏడు లేదు. వచ్చే ఏడు ఎట్లాగు లేదు."

కెమెరాను పక్కనున్న రోలు మీద పెట్టాను. ఆగిపోయేట్టు బటన్ నొక్కాను. వెళ్ళి కొమ్మ పట్టుకున్నాను.

మొదట పెళ్ళిలో విసనకర్ర విసిరినట్టు ఊపాను.

"గట్లనా? చీమలు గూడ పడయి," అంది అవ్వ.

"దూడను గుంజినట్టు గుంజున్రి సారు," అన్నాడు ఉద్యోగం పోయిన రమేశ్. "కాళ్ళు ఎడం పెట్టున్రి. నడుం వంచున్రి."

"నడుం వంగదు."

"ముల్లు దిగితె అదే వంగుతది."

దిగింది, వంగింది. మొక్కై వంగనిది మానై వంగదంటారు. ఆ సామెత కట్టినవాడు రేగుకొమ్మ ఎన్నడూ పట్టి ఉండడు. పిల్లలు నా మీద పాట కట్టి అందుకున్నారు. అర్థమేమిటని సుజాతను అడిగితే "మంచిగనే ఉంది" అని ముఖం తిప్పుకుంది. ఆ మంచి ఏమిటో ఇప్పటిదాకా చెప్పలేదు. నాకు రోషం వచ్చింది. గుంజాను. కొమ్మ గాలిదుమారంలో పడ్డట్టు ఊగింది.

లక్ష్మి బొటనవేలిలో ముల్లు దిగింది. చిన్న నెత్తురు చుక్క లేచింది. కళ్ళలో నీళ్ళు తిరిగాయి, నోరు మాత్రం నవ్వుతోంది. ఆ రెండూ ఒకే ముఖంలో, దాని మీద వాలిపోయే ఎండ. ఏళ్ళ తరబడి కెమెరా మోస్తే ఒక్కసారి ఎదురయ్యే ముఖం అది. సుజాతకు కావలసింది అదే, నేను అయిపోయిందనుకోమన్నది అదే. కెమెరా రోలు మీద ఉంది, నా చేతుల్లో కొమ్మ ఉంది. చేతులు ఖాళీగా ఉంటే ఎంత బాగుండునని మా వంశంలో బాధపడ్డ మొదటివాణ్ణి నేనే. మా వాళ్ళ చేతులు ఎప్పుడూ ఖాళీగానే ఉండేవి.

"ఆపుదునా?" అని లక్ష్మిని అడిగాను, వేలు చూసి.

"ఆపితె సంపుత," అంది లక్ష్మి, చివరి శనగ గుచ్చుతూ.

మర్నాడు పొద్దున మహబూబాబాద్‌లో సుజాత ఇంట్లో లాప్‌టాప్ ముందు కూర్చున్నాం. మొదటి ముక్కలో నీళ్ళ గ్లాసు, నా మోకాళ్ళు, "దొరలోళ్ళం" అనే నా గొంతు.

"ఇదేందన్నా?"

"టెస్టు."

రెండో ముక్కలో నా కుడికాలి చెప్పు. దాని వెనుక ఎడమకాలి చెప్పు. వాటి కింద బయ్యారం ఎర్రమట్టి, చాలాసేపు.

"ఇది?"

"ఇది గూడ... టెస్టే కావచ్చు."

"పిల్లలు గంపలెత్తుకొని వచ్చింది ఏది?"

వెతికాను. లేదు. మూడో ముక్కలో మా తాత, పులి, రమేశ్ జవాబు స్పష్టంగా ఉన్నాయి. టేపు, బటన్, ఎర్ర చుక్క, అన్నీ అప్పుడు నా బుర్రలో ఒక్కసారిగా వెలిగాయి. అయ్యో అనడం కూడా చేతగాక నిటారుగా కూర్చున్నాను. సుజాత తిట్టి ఉంటే తట్టుకునేవాణ్ణి. ఆమె లాప్‌టాప్‌ను సగం మూసి, గోడ వైపు చూస్తూ, "చెల్లె మొఖం గూడ రాలే అయితె," అంది.

నా జీవితంలో నన్ను ఎవరూ అంత గట్టిగా కొట్టలేదు.

"ఇంకొక ముక్కుంది," అన్నాను, అందులో ఏముంటుందో తెలియక.

తెరిచింది. రోలు మీద పెట్టిన కెమెరా కాస్త ఒరిగి ఉంది. వాకిలి ఏటవాలుగా ఉంది. దాని మధ్యలో ఊగే కొమ్మ, కొమ్మ వెనుక లక్ష్మి ముఖం, వేలి మీద నెత్తురు, కళ్ళల్లో నీళ్ళు, నోట్లో నవ్వు. లెన్సు నేను కొమ్మకు సరిచేసిన చోటే ఉండిపోయింది, రోలు కూడా అంతే దూరంలో ఉంది, కాబట్టి బొమ్మ సూది మొనలా ఉంది. కుడి అంచున తెల్ల ఇస్త్రీ చొక్కా వేసుకున్న ఒకడు నాట్లేసే మడిలో కొంగలా వంగి, పళ్ళు బిగబట్టి గుంజుతున్నాడు.

సుజాత చివరిదాకా చూసింది. మళ్ళీ మొదటి నుంచి చూసింది. కళ్ళు తుడుచుకుని అడిగింది. "ఇది ఎవరు తీసిండ్రన్నా?"

"రోలు," అన్నాను. అబద్ధం చెప్పడం మా ఇంట్లో లేదు.

"ఇదే సినిమ."

"నన్ను కోసెయ్యి అండ్ల నుంచి."

"మిమ్మల్ని కోస్తె చెల్లె చెయ్యి గూడ పోతది."

"పోనీ నన్ను మసక చెయ్యి."

"ఫోకస్ ఒక్కసారి పోతె మళ్ళ రాదన్నా," అంది సుజాత.

తొమ్మిదో రోజు మొలకలు నీళ్ళలో కలిపే ఘట్టం టేపు పీకేసి, ఎర్ర చుక్క చూసుకుంటూ తీశాను. చాలా బాగా వచ్చింది. అది సినిమాలో ఉన్నట్టు ఎవరికీ గుర్తులేదు.

ఎడిటింగ్ అయ్యాక "వచ్చి చూస్తరా?" అని సుజాత అడిగింది. ఒక్కసారే అడిగింది. మమ్మల్ని రెండుసార్లు అడగాలి. అందుచేత నేను చూడలేదు. నేనున్నది ఆ ఒక్క షాట్లోనే, అది కూడా అంచున, అనే ధైర్యంతో జనగామలో ప్రదర్శన పెట్టించి, బంధువులందరినీ స్వయంగా పిలిచాను. ముందు వరుసలో అత్తమ్మ, ఆమె పక్కన నేను.

లైట్లు ఆరిపోయాయి. తెర మీద మొదటి బొమ్మ నా కుడికాలి చెప్పు. వెనుక నుంచి "దొరలోళ్ళం" అన్న నా గొంతు. హాలు ఘొల్లుమంది. తర్వాత పులి వచ్చింది. మా పెదనాయిన కొడుకు కుర్చీలోంచి కిందికి జారిపోయాడు. సుజాత ఏదీ వదిలిపెట్టలేదు. నేను బంధువుల వైపు చూడకుండా, అత్తమ్మ వైపు అసలే చూడకుండా కూర్చున్నాను. ఆ తర్వాత కొమ్మ వచ్చింది, లక్ష్మి ముఖం వచ్చింది. నవ్వుతున్నవాళ్ళు కుర్చీల్లో ముందుకు వంగి చూశారు. పెదనాయిన కొడుకు కూడా పైకి లేచి సరిగ్గా కూర్చున్నాడు.

బయటికి వచ్చాక అత్తమ్మ అడిగింది. "అండ్ల కెమెరా ఎవరు పట్టిండ్రు?"

"నేనే."

"కొమ్మ?"

"అది గూడ నేనే."

"రెండిట్ల ఒకటి మంచిగ చేసినవు," అంది అత్తమ్మ. ఆ ఒకటి ఏదో చెప్పలేదు. ఆటో ఎక్కుతూ మాత్రం, "ఆ పిల్ల పెండ్లికి నన్ను గూడ తీస్కపో," అంది.

పెళ్ళికి వెళ్ళాం. భోంచేశాం. సినిమా నాలుగు ఊళ్ళు తిరిగింది. ఎవరో పెద్దమనిషి ఫోన్ చేసి, సరైన సమయంలో కెమెరాను కింద పెట్టిన నా సాహసాన్ని చాలాసేపు మెచ్చుకున్నాడు. మర్యాద కోసం కాదనలేదు.

మొన్న మళ్ళీ శ్రావణం దగ్గర పడుతుంటే లక్ష్మి అత్తగారింటి నుంచి ఫోన్ చేసింది.

"బావా, ఈసారి మా చిన్నాయిన బిడ్డ కూసుంటుంది. నువ్వు రావాలె."

"తప్పకుండ వస్త. ఏ లెన్సు తెమ్మంటవు?"

"ఏం తేకు. కెమెరాకు అక్క వేరే ఆయన్ని మాట్లాడింది. నువ్వు ఊపనీకె రా."

కాబట్టి మా పూర్వీకుల సాక్షిగా ఇక్కడ రాసి ఇస్తున్నాను: కెమెరా తిరుగుతోందో లేదో చూసుకోకుండా ఆ తండాలో ఒక్క ఫ్రేమైనా తీయను, అక్కడ జరిగే ఏ పండుగకూ చెయ్యెత్తి ఆగమనను. ఈ ప్రతిజ్ఞకు భంగం కలిగే ప్రమాదం ఏమీ లేదు. సుజాత చాలా జాగ్రత్త గల మనిషి. రెండు చేతులతో కొమ్మ పట్టుకున్నవాడు ఎత్తడానికి మూడో చెయ్యి ఉండదని ఆమెకు తెలుసు.